వలకు అవతలి ఆపిల్ కొమ్మ

మా ఓనరు ఆంటీ ఆపిల్ చెట్టుకు ఆకులు తుంచడం మొదటిసారి చూసినప్పుడు నాకు భయమేసింది. డిసెంబరు నెల, ఉదయం పూట. చెట్టు ఏ రోగమూ లేకుండా పచ్చగా నిలబడి ఉంది. ఆవిడ నైటీ మీద స్వెటర్ వేసుకుని, స్టూలెక్కి, ఒక్కో ఆకునూ పట్టుకుని లాగి బకెట్లో పడేస్తోంది. పూలు కోసినట్టు కాదు, కోడికి ఈకలు పీకినట్టు. మేం లింగంపల్లిలోని ఆ ఇంటి పై పోర్షన్లో దిగి అప్పటికి నెల కూడా కాలేదు. చంకలో ఐదు నెలల పాపతో మెట్ల మీద నిలబడి అడిగాను.

"ఏమైందండీ, పురుగు పట్టిందా?"

"పురుగు లేదు, పుట్ర లేదు. దీనికి నిద్ర వస్తలేదు. జోకొడుతున్న."

నేను అర్థం కానట్టు చూసేసరికి ఆవిడ స్టూలు దిగింది.

"చలి దేశంల ఆకులు వాటంతటవే రాల్తయి. చెట్టు పండుకుంటది. లేసినంక పూస్తది. ఈడ గంత చలి ఏడికెల్లి రావాలె? అందుకే మనమే ఆకు రాల్చాలె. ఇగ చలికాలం వచ్చిందనుకుంటది."

"అంటే చెట్టును మోసం చేస్తున్నారన్నమాట."

"నీ బిడ్డను పండవెట్టేటప్పుడు నువ్వు లైటు బంద్ జెయ్యవా? గిదీ గంతే."

ఆ మాటకు నాకు ఏడుపొచ్చినంత పనైంది. ఆ రోజుల్లో మా ఇంట్లో నిద్ర లేనిది పాప ఒక్కదానికే కాదు. అది పడుకున్నా నేను పడుకునేదాన్ని కాదు. ఊపిరి ఆడుతోందో లేదో అని ముక్కు దగ్గర వేలు పెట్టి చూసేదాన్ని. ఆ వేలు తగిలి అది లేచి ఏడ్చేది. మా వారిది అమెరికా వేళల ఉద్యోగం. పగలు ఆయన పడుకుంటే ఇంట్లో చప్పుడు కాకూడదు, రాత్రి ఆయన పని చేస్తుంటే పాప ఏడవకూడదు. మా పుట్టింటి వాళ్లు కోస్తాలో ఉంటారు. ఏడాది తిరక్కుండానే నేను సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ ఉద్యోగానికి తిరిగి వెళ్లాలి. భయపడటానికి ఆ రోజు కొత్త కారణమేదీ దొరక్కపోతే, ఏదో మరిచిపోయానేమోనని భయపడేదాన్ని.

ఆంటీ పెద్ద దవాఖానలో నర్సుగా చేసి రిటైరైంది. పెళ్లి చేసుకోలేదు. పక్క జాగాలో రేకుల షెడ్డు వేసుకున్న తమ్ముడి పిల్లలను చదివించింది. ఆపిల్ మొక్క కొన్న కథను ఆవిడ చాలాసార్లు చెప్పింది, ప్రతిసారీ అంతే సంబరంగా. రిటైరయ్యే నెలలో వార్డులో ఎవరో అడిగారట, ఇక ఇంట్లో కూర్చుని ఏం చేస్తావని. "ఆపిల్ తోట పెడత" అని నోటికొచ్చింది అనేసింది. అందరూ నవ్వారు. ఆ నవ్వుకే రోషమొచ్చి, చలి తక్కువైనా కాసే రకమొకటి ఉందని తెలుసుకుని, హిమాచల్ నుంచి కొరియర్లో తెప్పించింది. గేటుకీ నీళ్ల సంపుకీ మధ్య జానెడు మట్టిలో నాటింది. "తోట కాలే గని, నవ్వినోళ్లందరికీ తలా ఒక పండు పంపిన" అనేది.

ఆ పండ్లు నిమ్మకాయ కంటే కాస్త పెద్దవి, అంతే. ఒక వైపు ఆకుపచ్చ, ఎండ తగిలిన వైపు ఎరుపు. పులుపు ఎక్కువ. కానీ ఆ పండుకు నేను రుణపడి ఉన్నాను. పదో నెల దాటినా మా పాప ఘనాహారం ముట్టేది కాదు. ఉగ్గు ఉమ్మేసేది, రాగిజావ చూస్తే మూతి బిగించేది. పిల్లల డాక్టరు బరువు గీతను వేలితో చూపించి, "చూద్దాం" అన్నప్పుడల్లా ఇంటికొచ్చి మళ్లీ ఉగ్గు గిన్నె పట్టుకుని కూర్చునేదాన్ని. మే నెలలో ఒక రోజు ఆంటీ గిన్నెతో పైకి వచ్చింది. చెట్టు మీది పండ్లను ఆవిరి మీద ఉడికించి మెదిపింది. చెంచా నాకివ్వలేదు. "నువ్వు అటు మల్లు. నీ మొకం జూస్తే దానికి సుత భయమైతున్నది" అంది. నేను గోడ వైపు తిరిగి నిలబడ్డాను. వెనక నుంచి చప్పరింపు వినిపించింది. తిరిగి చూసేసరికి గిన్నె సగం ఖాళీ.

అప్పటి నుంచి పాపకు ఆవిడ 'కిందమ్మమ్మ'. మాటలు వచ్చాక ఆవిడ యాసే వచ్చింది. మా అమ్మ ఫోన్‌లో "బంగారం, అన్నం తిన్నావా?" అంటే "జర ఆగు, తింట" అని జవాబిచ్చేది. "ఇదేం భాషే?" అని మా అమ్మ నా మీద విరుచుకుపడేది.

పాప నిలబడటం మొదలుపెట్టగానే నేను బాల్కనీకి వల కట్టించాను. పావురాల కోసమని ఓనరుతో చెప్పాను. నిజానికి పావురాలు నాకో సాకు. రెయిలింగ్ నుంచి పైకప్పు వరకు సన్నని కన్నాల నైలాన్ వల. అది బిగించిన రోజు నేను మొదటిసారి పాపను బాల్కనీలో వదిలి టీ పెట్టుకున్నాను. ఆపిల్ చెట్టు ఆ రెండేళ్లలో పైకి ఎదిగింది. ఒక కొమ్మ మా బాల్కనీ దాకా వచ్చి, వలకు తగిలి, లోపలికి దారి లేక దాని వెంటే పక్కకు పాకింది.

మూడో డిసెంబరులో ఆకులు తుంచేటప్పుడు ఆంటీ కింది నుంచి కేకేసింది.

"గా కొమ్మ నాకు అందుత లేదు. వలకు జర కన్నం జేసి నువ్వు తుంచుతవా?"

"వద్దు ఆంటీ. పాప అస్తమానం అక్కడే ఉంటుంది."

"చెయ్యి పట్టేంత చాలు."

"ఆ నాలుగాకులు ఉంటే ఉండనివ్వండి."

ఆవిడ ఒక్క క్షణం పైకి చూసింది. "సరే. గా కొమ్మ ఈసారి పూయదు" అని ఊరుకుంది.

ఆ సాయంత్రం బోడి చెట్టుకు క్రిస్మస్ స్టార్ కడుతూ అసలు సంగతి చెప్పింది. తన జాగా, తమ్ముడి జాగా కలిపి డెవలప్‌మెంట్‌కు ఇచ్చేశారు. అపార్ట్‌మెంట్ వస్తుంది. ఈస్టర్ పండగ అయ్యాక ఇల్లు పడగొడతారు. మేం వేరే ఇల్లు చూసుకోవాలి. అపార్ట్‌మెంట్ కట్టేదాకా ఆవిడ మూసాపేటలో చిన్న ఫ్లాట్‌లో ఉంటుంది.

"మరి చెట్టు?"

"వేర్లు సంపు కిందికి పోయినయ్ బిడ్డా. తీస్తే బతకదు."

స్టార్‌కు కట్టిన దారం ముడి వేస్తూ వేస్తూ ఆవిడ ఆగిపోయింది. ఆ చేతులు ఆగడం నేనెప్పుడూ చూడలేదు. నాకైతే ఇల్లు మారడం కంటే ఆ మనిషికి దూరం కావడమే భయంగా ఉంది. ఆవిడ నాతో రాదు. చెట్టూ రాకపోతే ఎలా?

"అంటు కడదాం ఆంటీ" అన్నాను.

నాకు అంటు కట్టడం రాదు. ఆవిడకూ రాదు. ఇద్దరం నా ఫోన్‌లో వీడియోలు చూశాం. చెట్టును కదిలించలేకపోయినా దాని పుల్లను ఇంకో మొక్క వేరు మీద బతికించవచ్చు. పుల్ల నిద్రలో ఉండాలి, వేరు మొక్క మేలుకొని ఉండాలి. కాబట్టి ఇప్పుడే పుల్లలు కోసి చల్లగా దాచి, హిమాచల్ నుంచి వేరు మొక్కలు తెప్పించి, అవి కుండీల్లో చిగురు వేసే వేళకు కట్టాలి. మా వారు అంతా విని, "ఆపిల్స్ కావాలంటే కింద మార్ట్‌లో ఉన్నాయి కదా" అన్నారు. నేను చూసిన చూపుకు లేచి వెళ్లి కుండీలు కడిగారు.

ఆంటీ ఫ్రిజ్ క్రిస్మస్ కేకులతో, మాంసంతో నిండిపోయింది కనుక పుల్లలు నా ఫ్రిజ్‌లో పెట్టాం. తడి గుడ్డలో చుట్టి, కవర్లో పెట్టి, కింది కూరగాయల అరలో పడుకోబెట్టాను. ఎవరూ కదపకుండా, చల్లదనం తగ్గకుండా రోజూ చూసుకున్నాను.

జనవరి చివర్లో, వేరు మొక్కలు కళ్లు విప్పాక, ఆంటీ తన వరండాను ఆపరేషన్ థియేటర్ చేసింది. బల్ల మీద పేపరు, స్పిరిట్ సీసా, దూది, సర్జరీ బ్లేడు, సన్నగా కత్తిరించిన పాల ప్యాకెట్ కవర్లు.

"ఇన్నేండ్లు డాక్టర్ల చేతికి అందిచ్చుడే అయింది. ఇయ్యాల నాకు అందియ్యి, సిస్టర్" అని చెయ్యి చాచింది.

వేరు మొక్క తల నరికి, మొండెం మధ్యలో నిలువుగా చీల్చింది. పుల్ల కింది కొసను రెండు వైపులా చెక్కి ఆ చీలికలో దింపింది. బెరడు కింద ఉండే పచ్చటి పొర రెండింటిదీ ఒక పక్కనైనా కలవాలి. అక్కడే ప్రాణం ఉంటుంది. పాల కవరు పట్టీతో గట్టిగా చుట్టి, పుల్ల ఆరిపోకుండా పైన ఐసు ప్యాకెట్ లాంటి సన్నని పొడుగు కవరు తొడిగింది. నాలుగు కుండీలు. చివరి దానికి కట్టు బిగించి, "పేషెంట్లను బయటికి తీసుకపోండ్రి" అంది.

ఒక్కటీ బతకలేదు. ఎదురుచూసీ చూసీ చివరికి కవరు తీస్తే మొగ్గలు నల్లబడి ఉన్నాయి. గోటితో తాకితే మిరియాల్లా రాలిపోయాయి.  ఆంటీ బ్లేడు కడిగి పెట్టేసింది. నేను పైకి వెళ్లి వేరు మొక్కలు పంపినాయనకు ఫోన్ చేశాను. ఆయన హిందీలో ఓపిగ్గా ఒక్కో ప్రశ్నా అడిగాడు. బ్లేడు పదునేనా? కట్టు వదులైందా? పుల్లలు ఎక్కడ దాచారు?

"ఫ్రిజ్‌లో."

"ఫ్రిజ్‌లో ఇంకా ఏమున్నాయి మేడమ్?"

"పాలు, కూరగాయలు..." చెబుతూ అర తెరిచాను. "ఆపిల్స్."

 అవతలి నుంచి పెద్ద నవ్వు. "ఆపిల్‌ను ఆపిల్సే చంపాయి మేడమ్!"

పండే పండ్లలోంచి ఒక గాలి వస్తుందట. మూసిన ఫ్రిజ్‌లో అది నిద్రపోయే మొగ్గలను చంపేస్తుందట. పాప ఉడికించిన ఆపిల్ రుచి మరిగింది కదా. మా ఫ్రిజ్‌లో స్టిక్కర్లు అంటించిన సిమ్లా, వాషింగ్టన్ పండ్లు ఎప్పుడూ అయిపోనిచ్చేదాన్ని కాదు. పుల్లలను సరిగ్గా వాటి పక్కనే పెట్టాను. కిందికి పరుగెత్తుకెళ్లి చెబితే ఆంటీ నెత్తి మీద చెయ్యి పెట్టుకుంది.

"కాయలు మాగేస్తే ఒకదాని ఆవిరికి ఒకటి పండుతది. గదంత నాకు ఎరుకే! ఫ్రిజ్ అనంగనే దిమాగ్ బంద్ అయింది." అని, నా మొహం చూసి నవ్వింది. "ఏడ్వకు. పేషెంటు పోతే ఇద్దరు సిస్టర్లు ఒకళ్ల మొకం ఒకళ్లు జూస్తరా? పోయి చాయ్ పెట్టు."

కానీ ఇంక దారి లేదు. వేరు మొక్కలు బతికే ఉన్నాయి, కట్టు కింది నుంచి చిగుళ్లు వేస్తున్నాయి. నిద్రపోయే పుల్లలే లేవు. చెట్టు నిద్ర లేచేసింది. కొమ్మకొమ్మకూ లేత గులాబీ మొగ్గలు. వచ్చే ఏటికి ఉండదని తెలిసినందుకేమో, ఆ ఏడు పూత మరీ ఎక్కువగా కనిపించింది నాకు. గేటు దగ్గర ఆగి ఫోటోలు తీసుకునేవాళ్లు కూడా.

ఒక ఉదయం బాల్కనీలో పాప బట్టలు ఆరేస్తున్నాను. కిందంతా పూలు. నా ఎదురుగా, వలకు అవతల, ముదురాకుపచ్చ ఆకులు. మొదట ఏమీ తోచలేదు. చేతిలో క్లిప్పు అలాగే ఉంది. వలకు ముక్కు ఆనించి చూశాను. ప్రతి ఆకు మొదట్లోనూ ఒక మొగ్గ, గట్టిగా మూసుకుని. నేను ఆకులు తుంచనివ్వని కొమ్మ అది. లైటు ఆర్పని గదిలా దానికి చలికాలమే రాలేదు, కాబట్టి తెల్లారనూ లేదు.

"ఆంటీ!" అని అరిచాను. ఆవిడ బయటికి వచ్చి నా వేలు చూపిన వైపు చూసింది. చూస్తూనే లోపలికి పోయి బ్లేడుతో, స్టూలుతో వచ్చింది. స్టూలెక్కినా అందలేదు.

"పై నుంచే కొయ్యాలె. వల కొయ్యి."

 పాప నా కాళ్ల దగ్గరే ఉంది, క్లిప్పుల డబ్బా బోర్లించి ఆడుకుంటోంది. ఆ వల నాకు వల కాదు. నేను గిన్నెలు కడుక్కోగలిగిన పది నిమిషాలు, ఆఫీసు కాల్‌లో నిశ్చింతగా మాట్లాడగలిగిన అరగంట, అన్నీ అదే. మా వారు నైట్ షిఫ్ట్ చేసి పడుకున్నారు. వెళ్లి లేపాను. ఏమైందోనని బెదిరి లేచారు.

"పాపను ఎత్తుకో. కింద పెట్టకు."

"ఎందుకు?"

"వల కోస్తున్నాను."

నిద్రకళ్లతోనే నన్ను ఎగాదిగా చూశారు. ఆ వల కన్నాలు చిన్నవా పెద్దవా అని నేను వలాయనతో గంటసేపు వాదించినప్పుడు పక్కన నిలబడిన మనిషి ఆయన. పాపను భుజానికెత్తుకున్నారు.

వంటింటి కత్తెర దూర్చాను. ఒక దారం తెగింది. మొత్తం వల ఊడిపోతుందనుకున్నాను. ఏమీ కాలేదు. ఇంకో దారం. కింది నుంచి ఆంటీ గొంతు. "కొయ్యి బిడ్డా. వల కోస్తే మల్ల కుట్టుకోవచ్చు. కొమ్మ కోస్తేనే అతుకుడు కష్టం." పాప నాన్న భుజం మీంచి, "అమ్మా, జర పైలం!" అంది. అందరం నవ్వేశాం. నా చెయ్యి ముంజేతి దాకా బయటికి వెళ్లింది. ఎండ వెచ్చగా తగిలింది. పెన్సిల్ లావు పుల్లలు చూసి కోసి కిందికి వదిలాను. కొంగు చాచి పట్టినట్టు ఆంటీ నైటీ అంచు చాచి పట్టుకుని నిలబడింది.

ఆ పుల్లలు ఫ్రిజ్ మొహం చూడలేదు. అప్పటికప్పుడే ఆకులు కత్తిరించి, వేరు మొక్కల పాత గాయానికి కింద కొత్తగా కోసి, అంటు కట్టాం. ఆ మధ్యాహ్నమే మా వారు వల కన్నాన్ని నైలాన్ తాడుతో కుట్టారు. కుట్టు వంకరటింకరగా వచ్చింది. లాగి చూశాను. గట్టిగానే ఉంది.

ఎదురుచూపు నాకు చేతకాదు. కవరు లోపల నీటి బొట్లు కనిపించినప్పుడల్లా విప్పి చూడాలనిపించేది. ఆంటీ కుండీలను తన పడకగది కిటికీ కిందికి మార్చుకుంది. "ఐసీయూల విజిటర్లకు టైము ఉంటది. పొద్దుగాల ఒకసారి, మాపటికి ఒకసారి. ముట్టుడు లేదు" అంది. నేను చేతులు వెనక కట్టుకుని చూసి వచ్చేదాన్ని. అలా రాగలిగినందుకు నాకే ఆశ్చర్యంగా ఉండేది.

హోలీ రంగులు రోడ్ల మీద ఇంకా పూర్తిగా పోని రోజుల్లో ఒక కవరు లోపల పచ్చటి ముక్కు కనిపించింది. ఎలుక చెవంత ఆకు. రెండో దానిలో మొగ్గ ఉబ్బింది కానీ విప్పుకోలేదు. మిగిలిన రెండూ ఎండిపోయాయి. ఈస్టర్ అయిన వారం మేం బాచుపల్లి ఫ్లాట్‌కు సామాను కట్టాం. లారీ ఎక్కించే ముందు ఆంటీ ఆకులేసిన కుండీని నా చేతుల్లో పెట్టింది.

"ఇది మీదండీ. నాకు రెండోది ఇవ్వండి" అన్నాను.

"నువ్వు గా బక్కదాన్ని తీసుకపోతే రోజుకు పదిసార్లు సస్తవు. ఇసొంటి పేషెంట్లను నేను మస్తు జూసిన. దాన్ని నాకు ఇడ్సిపెట్టు."

ఇల్లు పడగొట్టిన రోజు ఆవిడ ఫోన్ చేసింది. చర్చి సంగతులు, మూసాపేటలో నీళ్ల తిప్పలు చెప్పింది. చెట్టు సంగతి నేను అడగలేదు, ఆవిడా చెప్పలేదు. వానాకాలంలో ఇంకోసారి చేసింది. "పేషెంట్ పోయిండు బిడ్డా. మొగ్గ ఇప్పిండు గని నిలవలే."

 ఆవిడే మళ్లీ అడిగింది. "నీదెట్లున్నది?"

"నా నడుము దాకా వచ్చింది ఆంటీ."

"ఇగ నాకేం ఫికర్? డిసెంబర్ల నాకొక పుల్ల ఇయ్యి."

మొన్న ఆదివారం మా చెట్టుకు మొదటిసారి ఆకులు తుంచాం, పాపా నేనూ. కింది ఆకులు దానివి, పై ఆకులు నావి. కోడికి ఈకలు పీకినట్టే పీకాం. నడినెత్తిన ఉన్న కొసను కొయ్యాల్సి వచ్చినప్పుడు కత్తెర కాసేపు ఆగింది. ఉన్నదే ఒక్క చెట్టు, పాడైతే మళ్లీ తేవడానికి ఇప్పుడు లింగంపల్లిలో ఏమీ లేదు. అయినా కోశాను. ఆంటీకి ఇవ్వాల్సిన పుల్ల అది. కొత్త వేరు మొక్కకు ఆవిడ అప్పుడే ఆర్డర్ పెట్టేసింది.

ఇప్పుడు అది మా ఫ్రిజ్ కింది అరలో తడి గుడ్డలో ఉంది. పండ్లన్నీ బయట భోజనాల బల్ల మీద బుట్టలో ఉన్నాయి. ఎండ లేకపోయినా రెండు రోజులకే మెత్తబడుతున్నాయి, మెత్తబడనివ్వండి. ఇందాక మా వారు షిఫ్ట్ మధ్యలో మంచినీళ్ల కోసం వచ్చి ఫ్రిజ్ తలుపు ధనామని లాగారు. పడుకోవాల్సిన పాప సోఫా మీంచి లేచి, నడుము మీద చెయ్యి పెట్టుకుని అంది.

"ఏంది నాన్నా గిట్ల? జర మెల్లగ తియ్యి. చెట్టు పండుకున్నది."